గోడకు కన్నం పెట్టకుండా కరెంటు పని

ముందే చెప్పేస్తున్నాను, ఏ భవనమో పేరు రాయను. బిల్లు ఇంకా రావాలి. విజయనగరం వాళ్ళు ఎలాగూ కనిపెట్టేస్తారు, మిగతావాళ్ళకి పేరుతో పనిలేదు. కోట నుంచి నడిచి వెళ్ళేంత దూరం అనుకోండి చాలు. ఒకప్పుడు కచేరీ, అంటే ఆఫీసు, తర్వాత కొన్నాళ్ళు బడి, ఆ తర్వాత ఎవరికీ పట్టని కాగితాల కొట్టు. ఇప్పుడు మ్యూజియం చేద్దామని బాగుచేత మొదలుపెట్టారు. సివిల్ పని ఒకాయన తీసుకున్నాడు, అందులో కరెంటు పని సబ్ కాంట్రాక్టుగా నాకొచ్చింది.

నాది మూడు లాంతర్ల దగ్గర చిన్న షాపు. ఇరవై మూడేళ్ళుగా ఇళ్ళ వైరింగే నా బతుకు. నా పని బాగుందని ఎవరైనా అన్నారంటే దానికి ఒకటే అర్థం: ఇంట్లో ఒక్క వైరు ముక్క కనబడదు. గోడకి గాడి కొట్టి, పైపు పెట్టి, సిమెంటు మెత్తి, లప్పం పట్టించి, రంగు వేసేశాక, లైను ఎక్కడ వెళ్ళిందో నాకే గుర్తుండదు. అదే నా గొప్ప అనుకునేవాణ్ణి.

మొదటిరోజు ఆ భవనంలో, వరండా దాటాక వచ్చే పెద్ద హాల్లో గోడకి డ్రిల్లు పెట్టాను. గోడ మందం రెండడుగుల పైమాటే. కాంక్రీటుకి డ్రిల్లు పెడితే చెయ్యి అదురుతుంది. ఇక్కడ బిట్టు అరటి బోదెలో దిగినట్టు దిగిపోయింది. తెల్లటి పొడి, దాని వెనకే ఎర్రటి పొడి, ఆ వెనక అరచెయ్యంత పెచ్చు ఊడి నా చెప్పు మీద పడింది.

"ఓరి నాయనా, ఆపు!"

పైన సారువ మీద కూర్చుని సున్నం పని చేస్తున్న ముసలి మేస్త్రి కేక అది. చీపురుపల్లి వైపు మనిషి. డెబ్బై దాటాయి. గానుగ సున్నం పని తెలిసినవాళ్ళు ఇప్పుడు దొరకడం లేదని వెతికి మరీ తెచ్చుకున్నారు. కిందకి దిగి, ఊడిన పెచ్చు తీసి చేతిలో పెట్టుకుని, దాన్ని చూశాడు గానీ నన్ను చూడలేదు.

"కాగితం సదివే సంతకం పెట్టినావా బాబూ?"

చదవలేదు. ఎవడు చదువుతాడు? సాయంత్రం షాపులో తీసి చదివితే షరతుల్లో ఉంది. గోడలకు గాడి కొట్టరాదు. రంధ్రం తప్పనిసరి అయితే ఇటుకలో కాదు, ఇటుకల మధ్య సున్నపు అతుకులోనే పెట్టాలి. చేసిన ప్రతి పనీ రేపు ఎవరైనా విప్పి తీసేస్తే భవనం మునుపటిలా ఉండాలి. ఇదేం వైరింగు, టెంటు హౌసు వాళ్ళు పెళ్ళిపందిరికి కట్టే లైటింగా అనుకున్నాను. మా కుర్రాడు కూడా అదే అన్నాడు. "పందిరైతే మూడ్రోజుల్లో డబ్బులొస్తాయన్నా" అని కూడా అన్నాడు. వాడి నోట్లో నిజం ఉంది.

మావా అని పిలవడం అలవాటైపోయింది ఆ మేస్త్రిని. ఆయన చెప్పింది వింటే తప్ప నాకు గాడి ఎందుకు కొట్టకూడదో ఎక్కలేదు. హాల్లో పడమటి గోడ చూపించాడు. అడుగున నాలుగడుగుల ఎత్తు వరకు ఎవరో ఎప్పుడో సిమెంటు ప్లాస్టరింగు చేశారు. చెమ్మ వస్తోందని చేసినట్టున్నారు. ఆ సిమెంటు గట్టిగా, నున్నగా, ఈ రోజు చేసినట్టే ఉంది. దాని పైన మాత్రం గోడ కుళ్ళిపోయింది. తెల్లగా ఉప్పు పూసి, గోరుతో గీకితే రవ్వలా రాలుతోంది.

"నేల్లోంచి చెమ్మ ఎక్కుతాది గదా. సున్నం గోడ ఎక్కిన చెమ్మని గాలికి ఒదిలేస్తాది. నువ్వు సిమెంటు పూసీసినావు. ఇంక అదెక్కడికి పోతాది? పైకి పోతాది. సిమెంటు ఎక్కడ ఆగిపోయిందో అక్కడ బయటికొస్తాది."

నువ్వు అన్నాడు. పూసింది నేను కాదు. కానీ ఇరవై మూడేళ్ళలో ఎన్ని పాత మేడల్లో గాళ్ళు కొట్టి సిమెంటుతో పూడ్చానో లెక్క చూసుకుంటే ఆ 'నువ్వు' నాకు సరిపోయింది. కంటోన్మెంటు వైపు ఒక పాత పెంకుటింట్లో గాడి వెంబడే గోడ ఉబ్బిపోతోందని ఆ ఇంటావిడ రెండుసార్లు పిలిపించింది. పైపులో నీళ్ళు దిగుతున్నాయేమోనని పైపు మార్చాను తప్ప, తప్పు సిమెంటుదని తట్టలేదు.

ఆ సిమెంటు అంతా ఉలితో నెమ్మదిగా చెక్కి తీశారు. దాని కింద ఇటుకలు తడిసిన బిస్కెట్టులా ఉన్నాయి. తీసేశాక గోడని అలాగే వదిలేశారు, వారాల తరబడి. పని జరగడం లేదని పైవాళ్ళు ఒకటే ఫోన్లు. గోడ ఆరుతోంది అని చెబితే అదేదో సాకులా వినబడుతుంది. నాకూ మొదట అలాగే అనిపించింది.

సున్నం తయారీ గురించి రెండు ముక్కలు రాయకుండా ఉండలేను. పెరట్లో గొయ్యి తవ్వి సున్నం నానబెట్టారు. రోజుల తరబడి నీళ్ళ కింద ఉండాలి, లేకపోతే తడవని గుండ్లు మిగిలి గోడెక్కాక పేలతాయి. తర్వాత ఇసుక, ఇటుక పొడి కలిపి గానుగలో వేసి నూరడం. ఎద్దుల గానుగ కాదు, మోటారు పెట్టారు, ఆ మోటారు కనెక్షను నేనే ఇచ్చాను. పక్కన డ్రమ్ముల్లో కరక్కాయ నానబెట్టిన నీళ్ళు, బెల్లం నీళ్ళు. పులిసిన వాసన. ఈగలు, చీమలు. మా కుర్రాడు సరదాకి గచ్చు కొంచెం నాలిక మీద పెట్టుకుని నోరు పొక్కించుకున్నాడు. సిమెంటు తడి తగిలితే రెండు మూడు గంటల్లో బిగుసుకుంటుంది. సున్నం గాలిలోని బొగ్గుపులుసు వాయువుని పీల్చుకుంటూ మళ్ళీ రాయిగా మారాలి. పై పొర తొందరగా, లోపల నెలలు, ఒక్కోసారి ఏళ్ళు. తొందర పనికి రాదు. దసరా దగ్గర పడుతుంటే ఒకరోజు కాంట్రాక్టరు వచ్చి, పండగ వెళ్ళిన మంగళవారం పైడితల్లమ్మ సిరిమానోత్సవం, ఆ వారం ఒక్క కూలీ కూడా దొరకడు, ఈలోపే హాలు పూత అయిపోవాలి అన్నాడు. మావ తల కూడా ఎత్తకుండా "అమ్మవారికి సెప్పుకో" అన్నాడు.

ఇక నా గొడవకి వస్తాను. గోడ కొట్టకూడదు, కానీ పద్నాలుగు గదులకి లైట్లు, కెమెరాలు, పొగ పసిగట్టే సెన్సార్లు, షోకేసుల్లోకి కరెంటు. ఎలా? కాంట్రాక్టరు చెప్పిన దారి ఫాల్స్ సీలింగు. జిప్సం బోర్డు వేసేస్తే వైర్లన్నీ పైన దాగిపోతాయి, మ్యూజియం 'లుక్' కూడా వస్తుంది. నాకది బ్రహ్మాండంగా తోచింది. దాచడమే కదా నా విద్య. కానీ ఆ హాలు పైకప్పు మద్రాసు టెర్రస్. అడుగున్నర దూరానికొకటి టేకు దూలాలు, వాటి మీద సన్నటి ఇటుకలు నిలువుగా, ఏటవాలుగా సున్నంలో పేర్చి, ఆ పైన ఇటుక ముక్కల గచ్చు. కింద నిలబడి తలెత్తితే ఎర్రటి ఇటుకల అల్లిక, చాప నేసినట్టుంటుంది. దాన్ని తెల్ల బోర్డుతో మూసేస్తామా అని మ్యూజియం మేడం అడిగింది. పైగా పైన వాన నీరు దిగినా, చెదలు పట్టినా, ఆ బోర్డు ఊడి ఎవరి నెత్తి మీదో పడేదాకా తెలీదు. ఫాల్స్ సీలింగు ఆలోచన అక్కడితో సరి.

పైకెక్కి అటక వైపు వెతుకుతుంటే పాత వైరింగు దొరికింది. ఒకటి కాదు, నాలుగు తరాలవి. అన్నిటికన్నా పాతవి దూలాలకి వేలాడే ఇనప కొక్కేలు, నూనె దీపాలకి కావచ్చు. ఆ తర్వాత సన్నటి టేకు బద్దల మీద క్లిప్పులతో పోయిన వైరు, రబ్బరు మీద నూలు అల్లిక, చేత్తో పట్టుకుంటే పొడిపొడిగా రాలిపోయింది. గుండ్రటి పింగాణీ అడుగు, ఇత్తడి మూత ఉన్న స్విచ్చులు. ఆ తర్వాత చెక్క కేసింగు. చివరిది తెల్ల పీవీసీ పట్టీ, అది నా కాలందే, అన్నిటికన్నా అసహ్యంగా ఉన్నది కూడా అదే. టేకు బద్దలు మాత్రం దారం పట్టినట్టు తిన్నగా ఉన్నాయి, ఒక్క మేకు వంకర లేదు.

ఫోటోలు తీసి ఇంటికొచ్చి మా నాన్నకి చూపించాను. మా నాన్న కూడా వైర్‌మనే. నెల్లిమర్ల నుంచి బొబ్బిలి దాకా సైకిలు మీద తిరిగి బ్యాటన్ వైరింగు, అంటే చెక్క బద్దల మీద క్లిప్పులతో వైరు బిగించే పని, చేసినవాడు. ఇప్పుడు డెబ్బై ఎనిమిది. చూపు తగ్గింది, చెయ్యి వణుకుతుంది. నేను పైపులు గోడలో పెట్టడం మొదలుపెట్టిన రోజుల్లో, "తప్పు జరిగితే ఎలా తెలుస్తాదిరా? గోడ పగలగొడతావా?" అని అడిగేవాడు. పాతకాలం మాట అని కొట్టిపారేసేవాణ్ణి. ఫోటోలు కళ్ళ దగ్గర పెట్టుకుని చూసి, ఫోను తిరిగి ఇచ్చేసి, మంచం కింద నుంచి రేకు డబ్బా లాగించాడు. అందులో పాత క్లిప్పులు, తుప్పు పట్టనివి, సైజుల వారీగా కాగితప్పొట్లాల్లో.

"గోడ కొట్టకుండా చేసే పని ఇదేరా" అన్నాడు.

మర్నాడు ఆటోలో తీసుకెళ్ళాను. మావా, నాన్నా ఇద్దరూ ఒకరి పనిని ఒకరు అరగంట తిట్టుకున్నారు. కరెంటోళ్ళు గోడల్ని పాడు చేశారని ఆయన, తాపీవాళ్ళు స్విచ్ బోర్డుల్లో సున్నం నింపేవారని ఈయన. తర్వాత టీ తెప్పించమన్నారు.

పద్ధతి తేలింది. దూలాల పక్కన, కంటి వరసకి అడ్డం రాకుండా కొత్త టేకు బద్ద. దాని మీద మంటకి తొందరగా అంటుకోని, పొగ తక్కువ వచ్చే రకం రాగి వైరు. గోడ దిగాల్సిన చోట ద్వారబంధం పక్కనే దిగాలి, గోడ మధ్యలో కాదు. స్క్రూలన్నీ ఇత్తడివి. ఇనుము తుప్పు పడితే ఉబ్బి చుట్టూ ఉన్న గచ్చుని పగలగొడుతుంది, టేకు మీద నల్ల మరక కూడా పడుతుంది. గోడలో దింపే చెక్క ముక్క ఇటుకలో కాదు, సున్నపు అతుకులో. అతుకు ఎక్కడుందో పూత మీద నుంచి కనబడదు కదా అంటే, నాన్న సుత్తి పిడితో తట్టి చూపించాడు. ఇటుక మీద ఒక చప్పుడు, అతుకు మీద ఇంకోటి. నాకు రెండూ ఒకేలా వినబడ్డాయి. నాలుగు రోజులు పట్టింది చెవి తిరగడానికి.

ఇంతకీ లైట్ల సంగతి. మ్యూజియం అంటే నగల షాపులా ధగధగలాడాలని నా ఊహ. మొదటి గదిలో నమూనాగా లైట్లు బిగించి మేడంని పిలిచాను. ఆవిడ సంచిలోంచి వెలుతురు కొలిచే లక్స్ మీటరు తీసి, పాత నేత చీర పెట్టబోయే చోట పెట్టింది. 210 చూపించింది. "యాభై ఉండాలండీ" అంది. యాభైకి తగ్గిస్తే నాకు గుడ్డి దీపంలా కనబడింది. జనం తిడతారు మేడం అన్నాను. అప్పుడు ఆవిడ చెప్పింది నాకు పట్టిన రీతిలో చెబుతాను, ఎందుకంటే అది మా మీటరు లెక్కే. కరెంటు వాట్లు ఎన్ని, గంటలు ఎన్ని అని గుణిస్తే యూనిట్లు. వెలుతురూ అంతే. యాభై లక్స్, రోజుకు ఎనిమిది గంటలు, ఏడాదికి మూడొందల రోజులు అంటే 1,20,000 లక్స్ గంటలు. అదే రెండొందలు పెడితే 4,80,000. అంటే నాలుగేళ్ళలో పోవాల్సిన రంగు ఒక్క ఏడాదిలో పోతుంది. ఈ మీటరు వెనక్కి తిరగదు, పోయిన రంగు రాదు. చీరలకి, కాగితాలకి, తాటాకులకి యాభై. నూనెరంగుల చిత్రాలకి నూట యాభై, రెండొందల దాకా. రాతి విగ్రహాలకి, ఇత్తడి సామానుకి ఆ బెంగ లేదు.

మరి జనం తిట్టకుండా ఏం చేశామంటే, మనిషి నడిచే దారిలోనే వెలుతురు తగ్గించుకుంటూ వచ్చాం. బయట ఎండ లక్ష లక్స్ దాకా ఉంటుంది. వరండాలో నీడ, తర్వాత ఇత్తడి సామాను గది, తర్వాత బొమ్మల గది, ఆఖరున చీరలు, తాటాకులు. అక్కడికి చేరేసరికి కళ్ళు అలవాటు పడి యాభై లక్సే సరిపోతుంది. కచేరీ కట్టినవాళ్ళు వరండా ఎందుకు అంత వెడల్పు పెట్టారో తెలీదు గానీ, మాకు మాత్రం అది డిమ్మరులా పనికొచ్చింది.

ఏసీల దగ్గర పెద్ద పేచీ వచ్చింది. ఏసీ లేని మ్యూజియం ఏంటని పైనుంచి మాట. గదికి రెండు టన్నులవి రెండు చొప్పున అంచనా కూడా వేసేశారు. బిల్లు పరంగా నాకు లాభమే. నోరు మూసుకుంటే సరిపోయేది. కానీ సాయంత్రం అయిదున్నరకి తాళం వేసి మెయిన్ ఆపేసి వెళ్ళిపోయే చోట ఏసీ అంటే, పగలంతా పొడి, రాత్రంతా చెమ్మ. రోజూ అలా ఎక్కీ దిగీ ఉంటే వస్తువుకి ఏసీ లేనిదానికన్నా ఎక్కువ చేటు. పెట్టబోయే వాటిలో ఒక పాత బొబ్బిలి వీణ ఉంది. గొల్లపల్లిలో ఇప్పటికీ చేస్తారు కదా, ఒకే పనస దుంగలో తొలిచి. కర్ర చెమ్మకి ఉబ్బుతుంది, పొడికి ముడుచుకుంటుంది. రోజుకోసారి ఆ పని చేయిస్తే బీట తీస్తుంది.

అప్పుడే మేడం నాకు బ్రెజిల్ వీడియో చూపించింది. 2018 సెప్టెంబరు 2 రాత్రి రియో డి జనీరోలో నేషనల్ మ్యూజియం కాలిపోయింది. అదీ పాత రాజభవనమే. అందులో రెండు కోట్ల దాకా వస్తువులు, చాలా భాగం బూడిద. మంట ఆడిటోరియంలోని ఏసీ దగ్గర పుట్టిందని దర్యాప్తులో తేలింది. ఒక్కో ఏసీకి విడి బ్రేకరు లేదు, ఒకదానికి ఎర్తింగు లేదు. వీడియోలో పైకప్పు లోపలికి కూలుతుంటే బయట జనం నిలబడి చూస్తున్నారు. దూరదేశం ఎందుకు, ఢిల్లీలోనే 2016 ఏప్రిల్ 26న నేచురల్ హిస్టరీ మ్యూజియం కాలింది. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. విడి బ్రేకరు, ఎర్తింగు. నా షాపులో నేను రోజూ అమ్మే సామానే అది.

ఆఖరికి ఏసీ ఒక్క గదికే, తాటాకు ప్రతులు దాచే గదికి, అది రాత్రీపగలూ నడిచేలా విడి లైనుతో. మిగతా గదుల్లో గట్టిగా మూసుకునే షోకేసులు, అడుగున చెమ్మ పీల్చే సిలికా జెల్ పెట్టె. పైన వెంటిలేటర్లు ఎవరో ఇటుకలు పెట్టి మూసేసి ఉంటే తెరిపించి, దోమతెర వేశారు. తెరిచిన రోజు హాల్లో వేడి పైకి లాగేసుకున్నట్టు పోయింది. ప్రతి సర్క్యూటుకీ విడి బ్రేకరు, కరెంటు లీకైతే కొట్టేసే బ్రేకరు పైన. ఎర్తింగు రీడింగు మూడుసార్లు తీయించాను. కాంట్రాక్టరు విసుక్కున్నాడు.

ఈ మధ్యలో చూసొద్దామని విశాఖ వెళ్ళాను. బీచ్ రోడ్డులో విశాఖ మ్యూజియం కూడా పాత డచ్ బంగళాయే, 1991 నుంచి మ్యూజియంగా ఉంది. బెజవాడ పని మీద వెళ్ళినప్పుడు బాపు మ్యూజియం చూశాను. 1887లో విక్టోరియా రాణి స్వర్ణోత్సవానికని పునాది వేసిన కట్టడం, ప్రదర్శనల కోసం కట్టారు, మ్యూజియం అయ్యింది 1962లో, మళ్ళీ బాగుచేసి 2020లో తెరిచారు. రెండు చోట్లా నేను వస్తువులు చూసింది తక్కువ. పైకి చూస్తూ, మూలల్లో వంగి చూస్తూ తిరుగుతుంటే బెజవాడలో గార్డు నా వెనకే నడిచాడు. పాపం, అతని తప్పు లేదు. కెమెరాలు ఎక్కడున్నాయో అన్నీ చూసే మనిషిని ఎవరైనా అనుమానిస్తారు.

ఇప్పుడు నేను చేసిన తప్పు. రాయకూడదనుకున్నాను, కానీ ఇది రాయకపోతే పైదంతా నేను మహా మేధావిలా కనబడేలా ఉంది.

పెద్దాఫీసు నుంచి తనిఖీకి వస్తున్నారని ముందురోజు కబురు. హాల్లో ఒక లైను ఒక వైపు నుంచి రెండో వైపుకి దాటాలి. దూలం పక్క నుంచి చుట్టి తీసుకెళితే అదనంగా పదకొండు అడుగులు, పైగా కింద నిలబడి చూస్తే బద్ద వంపు తిరిగి కనబడుతుంది. అందం పోతుంది. రాత్రి తొమ్మిదయింది. మావ లేడు, మా కుర్రాణ్ణి పంపేశాను. నిచ్చెన వేసుకుని, దూలం అడుగున, సరిగ్గా మధ్యలో, అంగుళం వెడల్పు, ముప్పావు అంగుళం లోతు గాడి కోశాను. వైరు అందులో పెట్టి సన్నటి టేకు పలకతో మూసేశాను. కింద నుంచి చూస్తే దేవుడికి కూడా కనబడదు. ఇరవై మూడేళ్ళ అలవాటు.

పొద్దున్నే మావ వచ్చాడు. పైకి చూడలేదు. నేల చూశాడు. నేను ఊడ్చాను, కానీ గచ్చు నేల పగుళ్ళలో టేకు పొట్టు మిగిలింది. వంగి వేలితో తీసి వాసన చూశాడు. పాత టేకు కోస్తే వచ్చే ఆ వాసన, వందేళ్ళు దాటినా పోదు.

"ఎక్కడ కోసినావు?"

చెప్పాను. ఏమీ అనలేదు. అదే కష్టంగా ఉంది. ఇంజనీరుని పిలిపించాడు. ఆ కుర్ర ఇంజనీరు నాకంటే పదిహేనేళ్ళు చిన్న. చీపురు పుల్ల తీసి వంచి చూపించాడు. దూలం బరువుకి వంగుతున్నప్పుడు పై భాగం నొక్కుకుంటుంది, కింది భాగం లాగుడు మీద ఉంటుంది. పుల్ల ఎప్పుడూ కింద నుంచే, నడుమ దగ్గరే విరుగుతుంది. నేను సరిగ్గా ఆ చోటే కోశాను. పక్కన, చివరికి దగ్గరగా, మధ్య ఎత్తులో చిన్న కన్నం పెట్టి ఉంటే ఇంత ప్రమాదం ఉండేది కాదట.

ఆ దూలం కింద గుంజలు పెట్టి మోశారు. తనిఖీకి వచ్చినవాళ్ళు ఆ గుంజలు చూసి "ఇంకా రిపేరు అవ్వలేదా" అని అడిగి వెళ్ళిపోయారు. తర్వాత గాడిలో టేకు ముక్క చెక్కి కూర్చి, దూలానికి రెండు పక్కలా స్టీలు పట్టీలు వేసి బోల్టులు బిగించారు. ఖర్చు నా బిల్లులో కోత. పట్టీలకి రంగు వేసి టేకులా కనబడేట్టు చేద్దామా అని అడిగాను, సిగ్గు లేకుండా. మేడం వద్దంది. బాగుచేసిన చోటు బాగుచేసినట్టే తెలియాలట. ఇప్పుడు ఆ హాల్లో తలెత్తి చూస్తే ఇటుకల చాప అల్లిక కింద, కిటికీ వైపు నుంచి అయిదో దూలానికి రెండు నల్ల పట్టీలు, ఎనిమిది బోల్టులు. వైరు మాత్రం పక్క నుంచి చుట్టి వెళుతుంది, పదకొండు అడుగులు ఎక్కువ, బద్ద వంపు తిరిగి కనబడుతూనే ఉంటుంది.

మా నాన్న ఆ పట్టీలు చూసి "ఎవడు చేశాడు?" అని అడిగాడు. నేనే అన్నాను. "మరి చూసుకోవాలి కదరా" అన్నాడంతే. ఆ వంపు దగ్గర క్లిప్పులు మాత్రం తనే బిగిస్తానన్నాడు. నిచ్చెన ఎక్కనివ్వలేదు. కింద కుర్చీలో కూర్చుని ఎక్కడ ఎన్ని అంగుళాలకి కొట్టాలో చెబితే నేను కొట్టాను. నాలుగు అంగుళాలకొకటి, వంపులో రెండున్నరకొకటి.

పని అయ్యి అయిదు నెలలు. భవనం ఇంకా తెరవలేదు, వస్తువులు సర్దుతున్నారు. నా ఆఖరి బిల్లు ఆగింది. ఎందుకని అడిగితే ఒక ఆఫీసులో చెప్పిన కారణం ఇది: రేట్ల పుస్తకంలో గోడకు గాడి కొట్టి పైపు వేసి పూడ్చే పనికి మీటరుకు ఇంత అని ఉంది, టేకు బద్ద మీద ఇత్తడి స్క్రూలతో, సున్నపు అతుకు చూసుకుని చేసే పనికి ఐటం లేదు. కొత్త ఐటం అంటే రేటు విశ్లేషణ కావాలి, దానికి పైవాళ్ళ మంజూరు కావాలి. "పోనీ గాడి కొట్టినట్టే రాసేసుకోండి, తేడా ఎంత ఉంటుంది" అని ఒకాయన సలహా కూడా ఇచ్చాడు. మామూలుగా అయితే ఒప్పేసుకునేవాణ్ణే. కానీ ఆ కొలతల పుస్తకంలో నా సంతకం పక్కన 'గోడకు గాడి కొట్టడమైనది' అని ఉంటే, మావ చూడకపోయినా, రేపెప్పుడో ఆ భవనాన్ని విప్పేవాడు చదువుతాడు కదా. వాడు ఆ గాడి కోసం గోడంతా వెతుకుతాడు.

అందుకని రేటు విశ్లేషణ నేనే రాస్తున్నాను. టేకు బద్ద అడుగుకి ఎంత, స్క్రూలు ఎన్ని, అతుకు వెతకడానికి మనిషి సమయం ఎంత. ఆ చివరిదానికి రోజుకు ఎన్ని కన్నాలని వేయాలో తేలక నాన్నని అడిగాను. "నీకైతే ఇరవై, నాకైతే అరవై" అన్నాడు. ఇరవై అనే వేశాను. సోమవారం మళ్ళీ వెళ్ళాలి.